రాజలింగు కాలి బొటనవేలు

ఇది రాయకుండానే ఊరుకుందామనుకున్నాను... చిన్న వేషాలు వేసేవాడి ముచ్చట ఎవరు చదువుతారని. చాయ్ తాగి ఫోన్ పక్కన పడేసి, మళ్లీ చేతికి తీసుకున్నాను.

మా చిన్నప్పుడు... ధర్మపురి పక్కన మా ఊళ్లో ఏటా ఎండాకాలం నాటకం ఆడేవాళ్లు. వేషాల బట్టలు కరీంనగర్ నుంచి కిరాయికి వచ్చేవి. ఆ బట్టల వాసన మీద రాస్తే అదొక పురాణం, వదిలేద్దాం. ఒక ఏడు నా ఈడువాడు రాజలింగుకు భటుడి వేషం దొరికింది. పని ఒక్కటే... మొదటి రంగంలోనే కత్తిపోటు తిని పడిపోవడం.

వాడి తల్లి మల్లవ్వ ముందు వరసలో కూర్చుంది. వాడికి ముందు పుట్టిన ఇద్దరూ దక్కలేదు. బీడీలు చేసి వీడొక్కడిని సాదుకుంది. కొడుకు పడగానే “అయ్యో, నా కొడుకును పొడిసిండ్రో!” అని స్టేజీ ఎక్కి, వాడి తల ఒళ్లో పెట్టుకుంది. పొడిచిన రాజు కత్తి పట్టుకుని దిక్కులు చూస్తున్నాడు.

“అవ్వా, నేను మంచిగనే ఉన్న. జర కిందికి దిగు,” కళ్లు మూసుకునే గొణిగాడు రాజలింగు.

“మరి లేవ్‌రా!”

“లేస్తే నాటకం కరాబైతది!”

మర్నాడు తల్లీకొడుకుల మధ్య ఒప్పందం కుదిరింది. అప్పుడు నేనక్కడే ఉన్నాను. “నా మొకం సూడకు. కాలు సూడు. పడ్డంక బొటనవేలు కదుపుత,” అన్నాడు వాడు.

తర్వాత వాడు హైదరాబాద్ పోయి సినిమాల్లో చేరాడు. జవాను, తాగుబోతు, హీరోయిన్ మేనమామ... ఏ వేషమైనా సగం సినిమా దాటి బతికేది తక్కువ. మొదటి సినిమాకు మల్లవ్వను కరీంనగర్ టాకీసుకు తీసుకుపోయాం. తెర మీద వీడి శవం, చుట్టూ ఆడవాళ్ల ఏడుపులు. మల్లవ్వ మాత్రం “కదిలింది! నా కొడుకు ఏలు కదిలింది!” అని చప్పట్లు కొట్టింది. వెనక నుంచి ఎవరో “ఓ ముసలమ్మా, సచ్చినోనికి సప్పట్లేంది?” అని కసురుకున్నారు.

దర్శకులందరూ గుడ్డివాళ్లు కాదు. ఒకాయన హీరో తండ్రి వేషం ఇచ్చాడు... పాడె మీద పెద్ద సీను. మూడుసార్లు తీసినా వేలు కదిలింది. “శవానికి తిమ్మిరెక్కిందా?” అని వేరేవాడిని పెట్టుకున్నాడు. అంతటి వేషం మళ్లీ రాలేదు.

“అవ్వకు చెప్పి మానుకోరాదురా,” అన్నాను.

“చెప్తే ఆమె సిన్మాకు రాదు. ఆమె రాకుంటే నేనెవలకు సూపియ్యాలె?”

మల్లవ్వ పోయిన రోజు వాడు షూటింగ్ నుంచి ముఖాన రంగుతోనే వచ్చాడు. తల దగ్గర కూర్చోలేదు, కాళ్ల దగ్గర కూర్చున్నాడు. బొటనవేళ్లు కలిపి కట్టడానికి పెద్దమనిషి దారం తీశాడు. “జర ఆగుండ్రి కాకా,” అన్నాడు రాజలింగు. ఆమె వేళ్లనే చూస్తున్నాడు. అందరూ ఆగారు. చాలాసేపటికి వాడే చెయ్యి చాపి దారం అందుకున్నాడు.

ఆ తర్వాత వాడి వేలు ఎన్నడూ కదల్లేదు. ఇప్పుడు సీరియళ్లలో మంచి పేరు... శవం వేషం వేస్తే అతనే వేయాలంటారట.

ఇప్పుడు తెర మీద ఎవరు పోయినా మనం రిమోట్ వెతుక్కుంటాం. కొడుకు కోసం స్టేజీ ఎక్కిన తల్లి మీ ఊళ్లోనూ ఉండే ఉంటుంది... ఉంటే ఆమె పేరు కింద కామెంట్లలో రాయండి.

నిన్న సీరియల్లో రాజలింగు చనిపోయాడు. కెమెరా పాదాల దగ్గర చాలాసేపే ఆగింది. నేను కళ్లజోడు తుడుచుకుని మరీ చూశాను. కదల్లేదు.

ఫోన్ చేశాను. రెండోసారి మోగగానే ఎత్తాడు. అన్నం తింటున్నాడట.