మూడో కాఫీ

మా సినిమా మాస్టారు పోయారని మొన్న సింగపూర్‌లో పుంగ్గోల్ వెళ్లే రైల్లో ఉండగా మెసేజ్ వచ్చింది. ఏడుపు రాలేదు. కోపం వచ్చింది, మా తగాదా తేలకుండానే వెళ్లిపోయారని.

ఆయనది బోస్నియా. యుద్ధం నడుస్తుండగా కరెంటు లేని ఇంట్లో కథలు రాసి, అది ఆగాక వాటినే సినిమాలుగా తీశారు. తర్వాత ఇక్కడికొచ్చి మాలాంటివాళ్లకు పాఠాలు చెప్పారు. ఆయనకొక పద్ధతి ఉండేది. బతికున్న మనిషి కథ తీయాలంటే ముందు ఆ ఇంట్లో మూడుసార్లు కాఫీ తాగాలి. మొదటిసారి చుట్టంలా, రెండోసారి వినడానికి, మూడోసారి అనుమతి అడగడానికి. "అప్పుడు వద్దన్నారా, కెమెరా మూసెయ్," అనేవారు. తన మొదటి సినిమాలో పక్కింటావిడ వద్దన్నందుకు, ఆమె కథ బదులు మూసిన తలుపొక్కటే చూపించారు. ఆ తలుపు చూసే నేనాయన్ని నమ్మాను.

మా ఇంటికొస్తే పొడుగు కాడ ఉన్న తన రాగి గిన్నె వెంట తెచ్చుకుని, మా పొయ్యి మీదే కాఫీ కాచేవారు. పొడి అడుక్కి దిగేదాకా ఎవర్నీ తాగనిచ్చేవారు కాదు. రెండోసారి వచ్చినప్పుడు మా తమ్ముడి సంగతి చెప్పాను. వాడు ఇక్కడే షిప్‌యార్డులో ఓడలకు రంగులు వేస్తాడు. ఆదివారం రూమ్మేటు తెల్లచొక్కా అడిగి తొడుక్కుని, సెరంగూన్ మాల్ అద్దాల ముందు నిలబడి, అదే తన ఆఫీసని ఊళ్లో ఉన్న అమ్మకు వీడియోలో చూపిస్తాడు. వింటూ మాస్టారు కళ్లు తుడుచుకున్నారు.

మూడోసారి ఆయన రాలేదు. ఆయన తీసిన సినిమా వచ్చింది. చొక్కా, అద్దాలు, అమ్మ, అన్నీ ఉన్నాయి అందులో. ఆ ముక్క ఫోన్లలో తిరిగి తిరిగి మా ఊరు చేరింది.

"ఎండలోనేట్రా నీ పని?" అని అమ్మ వాణ్ని అడిగిందట.

వాడు నాకు ఫోన్ చేసి, "చొక్కా సంగతి నీకొక్కద్దానికే చెప్పేనక్కా," అన్నాడు. అంతే, ఇవాళ్టిదాకా మళ్లీ నాతో మాట్లాడలేదు.

మాస్టారిని నిలదీశాను. "ఏం, సీన్ బాగా రాలేదా?" అన్నారు. షాట్ ఎక్కడ ఆపాలో, ఎదుటి మనిషి మాట్లాడుతుంటే ఎలా వినాలో నాకు నేర్పింది ఆయనే. ఆ రుణం కాదనను. నమ్మించి గొంతు కోశారన్నదీ కాదనను.

నిన్న ఆయన భార్య ఆ రాగి గిన్నె పంపించారు. నాకే ఇమ్మని మాస్టారు చెప్పారట. ఇవాళ అందులో కాఫీ కాచి, రెండు కప్పుల్లో పోసి, ఎదురుగా ఒక కుర్చీ వేశాను. అడిగుంటే వద్దనేదాన్ని. అది ఆయనకు తెలుసు, అందుకే మూడోసారి రాలేదు. పొడి ఎప్పుడో అడుక్కి దిగింది. ఆయన కప్పు నిండుగా అలాగే ఉంది.