కరిచే కుక్క, కసిరే మామయ్య

నిజాం రాజ్యం పోయిన ఏడాది నేను కోదాడ నుంచి సూర్యాపేటకు కోడలిగా వచ్చాను. ఆ ఇంట్లో నాకు భయం రెండింటికే. మామయ్య ఊరికే కసిరేవాడు, ఆయన కుక్క ఊరికే కరిచేది. ముసలితనంలో కుక్కకు పొగరు పట్టిందని అందరూ అనేవాళ్లు. మామయ్యను అనే ధైర్యం ఎవరికుంది?

కోడలు మామకు ఎదురుపడకూడదు, పలకరించకూడదు. నీళ్ల చెంబుతో ఆయన వెనక నిలబడి, గాజులు చప్పుడు చేసి, చెంబు పక్కన పెట్టి పోవాలి. నేను ఎంత గలగలలాడించినా ఆయన చెంబు చూసి ఉలిక్కిపడేవాడు.

“దొంగలెక్క ఎన్కనుంచి వచ్చుడేంది? మీ ఇంట్ల గిట్లనే నేర్పిన్రా?”

నాకు ఒళ్లు మండేది. విసవిసా లోపలికి వచ్చేదాన్ని.

ఒకనాడు పడుకున్న కుక్క వీపు మామయ్య నిమరబోతే అది ఆయన చెయ్యి కరిచింది. “ఇగ ఇది ఇంట్ల ఉండొద్దు. రేపు పాలకీడు పోయే బండిల ఏసి, ఆడ్నే ఇడిచి రమ్మను” అన్నాడు. దాన్ని పాలు పోసి పెంచింది అత్తమ్మ. ఆ పూట ఆమె అన్నం ముట్టలేదు.

తెల్లారి బండి కట్టారు. నేను తోముతున్న ఇత్తడి బిందె జారి బండ మీద పడింది. కోళ్లు చెదిరిపోయాయి, ఎడ్లు తలలెత్తాయి. పక్కనే పడుకున్న కుక్క కళ్లు కూడా తెరవలేదు. అరుగు మీద అటు తిరిగి కూర్చున్న మామయ్యా తిరిగి చూడలేదు.

కుక్క ముందుకు వెళ్లి దాని భుజం తట్టాను. కళ్లు తెరిచి, నన్ను చూసి తోక ఊపింది. చెవి ఎత్తితే లోపలంతా చీము, కంపు. వేలు తగలగానే కుయ్యిమంది.

“అత్తమ్మా, దీనికి పొగరు కాదు, చెవుడు. వెనక నుంచి ముట్టుకుంటే బెదిరి కరుస్తోంది.”

అత్తమ్మ దాని తల వెనక చప్పట్లు కొట్టి చూసింది. అది కదలలేదు. “అయ్యో బిడ్డా, ఇనపడక బెదిరి కరిస్తే పొగరంటిమి గద” అని ఏడ్చింది. దాన్ని బండి ఎక్కించనివ్వలేదు. బండి వెళ్లింది, కుక్క ఉండిపోయింది. పశువుల దవాఖాన మందుతో చీము తగ్గింది గానీ వినికిడి రాలేదు. దాని దగ్గరికి ఎదురుగా వెళ్లడం అందరం నేర్చుకున్నాం. తర్వాత అది ఎవరినీ కరవలేదు.

బండి వెళ్లిన ఆ సాయంత్రమే అత్తమ్మ నీళ్ల చెంబు నా చేతికిచ్చి, అరుగు వైపు చూసింది.

“ఎదురుంగ పో బిడ్డా.”

నేను కదలలేదు.

“నేను చెప్తున్న గద, పో.”

కొంగు సర్దుకుని మామయ్య ముందుకు వెళ్లి నిలబడ్డాను. ఆయన తలెత్తి చూసి, చెంబు అందుకుని తాగాడు. నేనిచ్చిన నీళ్లు ఆయన కసరకుండా తాగడం అదే మొదటిసారి.