ఒకే బండిలో కోర్టుకు

మా పెద్దవాడు పోయాడు. వాణ్ణి చేర్చిన ఫ్లాక్ ఆసుపత్రి వైపు నుంచి వచ్చిన బండివాడు మా వాకిట్లో ఆగి, కిందికి దిగకుండానే, "అమ్మా, పెద్దోడు ఇంక లేడే" అన్నాడు. ఆవుకు వేద్దామని తీసిన చెరుకు ఆకు నా చేతిలోనే ఉండిపోయింది. చలిజ్వరమే కదా, ఈ ఊళ్లో ఎవరికి రాలేదు, తగ్గిపోతుందిలే అనుకున్నాం.

మా ఊరు బ్రిజే వెర్దియేర్‌లో మా వాణ్ణి ఎరగనివాళ్లు లేరు. పని ముగిశాక పొలం నుంచి ఉత్త చేతులతో వచ్చేవాడు కాదు. ఒక రాయి తీసి, అంచున ఉన్న గోడ మీద పేర్చి, అప్పుడు ఇంటి దారి పట్టేవాడు. ఆ పొలం ఇంకా వాడిది కాదు. "పరాయోడి బూవిలో రాళ్లు ఏరతన్నావేట్రా" అని నవ్వేవాళ్లు నవ్వేవాళ్లు. "కాగితం అయినప్పుడు అవుద్ది. రాయి మాత్రం ఇయ్యాలే తియ్యాల" అనేవాడు.

పొలం వాడి చిన్నాయనది. రక్తసంబంధం కాదు. మా ఆయనా చిన్నాయనా కోరంగి రేవులో ఒకే ఓడ ఎక్కి ఈ దీవికి చెరుకు కూలీలుగా వచ్చారు. ఆ ఓడలో వచ్చినవాళ్లంతా అన్నదమ్ములే, మా పిల్లలు వాళ్ల పిల్లలే. చిన్నాయన కూలీల మీద సిర్దారుగా పనిచేసి, దొర ఎస్టేటును ముక్కలుగా అమ్మినప్పుడు కొంత కొన్నాడు. అందులో వెనకవైపు రాళ్ల ముక్కను మా వాడికి అమ్ముతానన్నాడు. బయానా తీసుకున్నాడు. గుడి పంతులుగారు కాగితం రాస్తే ఇద్దరూ వేలిముద్రలు వేశారు. పంట అయ్యాక పత్రాలు రాసే నోటేరు దగ్గర పక్కా చేద్దామన్నారు.

ఈలోగా యుద్ధం వచ్చి చక్కెర ధర చెట్టెక్కింది. చిన్నాయన మాట మారింది. ఈ పంటకు కాదు, వచ్చే పంటకు అన్నాడు. ఆ తర్వాత అసలు అమ్ముతాననే అనలేదన్నాడు. నేను రోజూ పోరాను, కోర్టుకు పోరా అని. వాడు రెండు పంటలు ఆగాడు. చివరికి దావా వేసిననాడు కూడా ముందుగా ఆయన ఇంటికి వెళ్లి, కాళ్లకు మొక్కి, చెప్పి మరీ వేశాడు.

పోర్ట్ లూయిస్ కోర్టుకు వెళ్లే రోజు తెల్లారి రెండు మూటల రొట్టె కట్టమన్నాడు.

"ఆ మడిసికి కూడానా?" అన్నాను.

"కట్టమ్మా. ఆకలి మీద అబద్దం ఆడితే ఆ పాపం మనకే."

చిన్నాయనకు మోకాలు నొప్పి, రైలు దాకా నడవలేడని మా బండిలోనే ఎక్కించుకున్నాడు. తను కూర్చునే చోట పరుచుకున్న గోనె తీసి ఆయన కింద వేశాడు. దారిలో కొట్టుమనిషి అరిచాడు: "ఏట్రా, దావా ఏసినోడూ ఏయించుకున్నోడూ పెల్లికెల్తన్నట్టు ఎల్తన్నారు?"

"పెల్లేరా. ఈడికీ బూవికీ. అడ్డం పడతన్నోణ్ణి నానే" అన్నాడు చిన్నాయన. ముగ్గురూ నవ్వుకున్నారు.

కోర్టులో జరిగింది వాడు తిరిగొచ్చి చెప్పాడు. ఆ రాళ్లు ఎవరు తీశారని జడ్జిగారు అడిగించారట. "ఈడే" అన్నాడట చిన్నాయన. వద్దని చెప్పావా అంటే లేదన్నాడట. ఎందుకు చెప్పలేదు అని అడిగారట. "ఆడిదవుద్దని తెలుసు గదా బాబూ" అన్నాడట.

తీర్పు మాకే వచ్చింది. గడువులోగా నోటేరు దగ్గర సంతకం పెట్టాలి, పెట్టకపోతే తీర్పునే పత్రంగా చూస్తామన్నారు. గడువు దాటింది. చిన్నాయన రాలేదు. తీర్పు పట్టుకుపోయి పొలం రాయించుకో అని నేనన్నాను, వాడి పెళ్లామూ అంది.

"కోర్టు రాయిస్తే పొలం వస్తాదమ్మా. సిన్నాన్న రాస్తే సిన్నాన్న కూడా మిగుల్తాడు. ఇంకొన్నాళ్లు సూద్దారి" అన్నాడు.

ఆ కొన్నాళ్లలోనే జ్వరం వచ్చింది. పొలం తన పేర పడ్డాక అందులో ఒక్క పూటైనా నిలబడే రోజు రాకుండానే పోయాడు. అంత మంచితనం ఎందుకురా నాయనా అని ఇప్పటికీ వాడి మీద కోపం వస్తుంది. ఆ కోపం ఎవరికి చెప్పుకోను?

కర్మ అయిన మర్నాడు చిన్నాయన మా వాకిట్లోకి వచ్చాడు. లోపలికి రాలేదు. "వొదినా, బండి కట్టించు. నోటేరు కాడికెల్దారి. ఆడి పిల్లల పేర రాసేత్తాను" అన్నాడు.

బండి తోలే మా వాడే ఇంక లేడని అప్పుడు గుర్తొచ్చింది. చిన్నాయనే ఎద్దును కట్టాడు. నన్ను వెనక ఎక్కించాడు. ముందు, వాడు కూర్చునే చోట, గోనె ఉంది, మా వాడు చివరిసారి మడిచి పెట్టినట్టే ఉంది. ఆయన దాన్ని చూశాడు, ఎక్కలేదు. ఎద్దు ముక్కుతాడు పట్టుకుని, కుంటుకుంటూ, చెరుకు తోటల మధ్య ఆ దారంతా నడిచాడు.