కొత్త ట్యాంకుకి రాహుకాలం

పోర్టులో క్రేను తోలే మా అక్క మొగుడు ఆడే యుద్ధం గేములోకి ఈ రోజు ఎక్స్‌పెరిమెంటల్ లైట్ ట్యాంకొకటి వచ్చింది. దాని కవచం అప్పడమంత మందం. బలమంతా పరుగులోనే. బావ మాత్రం ఆట మొదలయ్యాక కూడా దాన్ని కదపకుండా, లాప్‌టాప్ ముందు నిమ్మకాయ పెట్టుకుని కూర్చున్నాడు.

"ఏటి బావా, తోలవా?" అన్నాను.

"రాహుకాలం ఇంకా ఐదు నిమిషాలుందిరా. కొత్త బండి కదేటి!"

అవతలి జట్టు దగ్గర పంచాంగం లేనట్టుంది. నిమిషంలో వచ్చి, నిలబెట్టిన ట్యాంకుని నిలబెట్టినట్టే పేల్చేశారు.

బావ నా వైపు తిరిగాడు. "నువ్వు ఎనకాల నిలబడి సూసినావు. నీ దిష్టే!"

నిజమే, ఫిరంగులు కాల్చినవాళ్ళది ఏం తప్పు? ఇప్పుడు మిరపకాయలు ట్యాంకుకి ముందు కట్టాలా, వెనక కట్టాలా అని నన్నే అడుగుతున్నాడు. తెలిసినవాళ్ళు కామెంట్లో చెప్పండి, రాహుకాలం చూసుకుని.