గొడుగు పిల్లోడి ఆఖరి స్టేజీ

2023, వానాకాలం. తిరుపతి రైల్వే స్టేషన్ వెనకవైపు సందులో నాకో చిన్న దుకాణం ఉంది. ఈ ఊరికి వచ్చేవాళ్ళంతా కొండ ఎక్కుతారు. నేను కిందే కూర్చుని ఆటలు ఎక్కిస్తాను. వానలు పడే రోజుల్లో మధ్యాహ్నం పూట మబ్బు కొండ మీంచి జారి సందు చివరిదాకా వచ్చేస్తుంది. అలాంటప్పుడు గిరాకీ ఉండదు. ఉన్న ఒకరిద్దరూ కలలోంచి వచ్చినట్టే వస్తారు.

నా పనేమిటో ముందు చెప్పాలి. మన చిన్నప్పటి వీడియో గేమ్ పెట్టెల్ని ఇప్పుడు అరచేతిలో పట్టేంతగా తయారుచేసి, కొన్ని ఆటలు లోపలే పెట్టి అమ్ముతున్నారు. వాటిని మినీ కన్సోల్ అంటారు. కొన్నవాళ్ళకు కొద్దిరోజుల్లోనే సంగతి తెలిసిపోతుంది: అన్ని ఆటలూ ఉన్నాయి, తాము ఆడిన ఆట తప్ప. అప్పుడు నా దగ్గరికి వస్తారు. పాత కేసెట్‌లోని ఆటను ఫైలుగా తీస్తే దాన్ని రోమ్ అంటాం. కన్సోల్‌ను కంప్యూటర్‌కు తగిలించి ఆ రోమ్ లోపలికి పంపాలి. దాన్ని నడపడానికి ఎమ్యులేటర్ కావాలి. గంగజాతరలో మగవాడు ఆడవేషం కట్టినట్టు, ఎమ్యులేటర్ కొత్త మెషీన్ చేత పాత మెషీన్ వేషం కట్టిస్తుంది. వేషం బాగా కుదిరితే ఆటకు అనుమానం రాదు. ఇంతే నా విద్య. కన్సోల్ మినీ, నా జ్ఞానం అంతకంటే మినీ.

ఆ మధ్యాహ్నం శ్రీకాళహస్తి నుంచి హేమ అనే అమ్మాయి వచ్చింది. తడ దగ్గర ఫ్యాక్టరీలో పనిచేస్తోందట. సంచిలోంచి మినీ కన్సోల్ తీసి గాజుబల్ల మీద పెట్టింది.

"అన్నా, దీంట్లో గొడుగు పిల్లోడి ఆట ఎక్కించాల."

"దాని అసలు పేరేంటమ్మా?"

"అదే పేరు. నాయన అట్లే అంటాడు. పిల్లోడొకడు గొడుగు పట్టుకుని ఇండ్లమీంచి దూకుతా పోతాడంట. గొడుగు ఇప్పితే గాల్లో మెల్లగా దిగుతాడంట."

వాళ్ళ నాయన మునిరత్నం, లారీ డ్రైవరు. చిన్నప్పుడు కాళహస్తి బస్టాండు పక్కన ఒక వీడియో గేమ్ అంగడిలో ఆ ఆట ఆడేవాడు. ఆఖరి స్టేజీలో చెరువు దాటాలి. ఆయన అక్కడికి చేరుకున్నప్పుడల్లా కరెంటు పోయేదో, అంగడి మూసేవాళ్ళో. చెరువు అవతల ఏముందో ఆ అంగడిలో ఎవరూ చూడలేదు. ఒకడు రాజకుమార్తె ఉంటుందన్నాడట, ఇంకొకడు రైలు వస్తుందన్నాడట.

"యూట్యూబ్‌లో వెతికితే దొరుకుతుందేమో," అన్నాను. వచ్చిన గిరాకీని వెనక్కి పంపే ఉపాయాలు నాకు బాగా తడతాయి.

"నేనూ అట్లే అన్నా. 'నేను పోకుండా ఊరి ఫోటో సూస్తే పోయినట్టా?' అన్నాడు." కన్సోల్‌ను నా వైపు జరిపింది. "నాయనకు కండ్లు పోతాండాయన్నా. ముందు రేచీకటి అనుకున్న్యాం. ఇప్పుడు పక్కలు కనపడవు, గొట్టంలోంచి సూసినట్టు ముందర ఉండేదే కనపడతాది. అదిగూడా మూసుకుంటా పోతాదని డాక్టరు సెప్పినాడు. లారీ ఆయనే మానేసినాడు. కండ్లుండగా ఆ ఆకరు సూడాలంట."

ఆట దొరకడానికి మూడు రాత్రులు పట్టింది. విదేశాల్లో దాని పేరు వేరు, అట్టమీద బొమ్మ వేరు, గొడుగు మాత్రం అదే. అన్నింటికంటే శుభ్రమైన రోమ్ ఏరి ఎక్కించాను. పరీక్షగా ఆడి చూశాను. రెండో స్టేజీలోనే నా గొడుగు పిల్లోడు వరసగా బావిలో పడ్డాడు. ఆట బాగానే ఉందని, ఆడేవాడే బాగాలేడని తేల్చుకుని కన్సోల్ అప్పగించాను.

వారం తిరక్కుండా హేమ మళ్ళీ వచ్చింది. ఈసారి వెంట మునిరత్నం. పొడుగ్గా, తలను కొంచెం అటూ ఇటూ తిప్పుతూ గడప వెతుక్కుని లోపలికి వచ్చాడు.

"సామీ, ఆట ఇదే. కానీ ఇది కాదు," అన్నాడు.

"అదే అన్నా. బొమ్మ చూశాం గదా."

"బొమ్మ సరే. పిల్లోడు ఉరుకుతాండాడు. పిట్ట ఎప్పుడొస్తాదో తెలీకుండానే వచ్చి పొడస్తాది. నేను దూకేలోపలే గుంతలో పడతాండాడు."

నాకు సమాధానం సిద్ధంగానే ఉంది. "చిన్నప్పటివన్నీ ఇప్పుడు తలచుకుంటే నిదానంగానే అనిపిస్తాయన్నా. ఆట మారలేదు, మన వయసు మారింది." ఎంత బాగా చెప్పానో అని నాకే ముచ్చటేసింది.

మునిరత్నానికి వేయలేదు. "వయసు నాకు మారింది సామీ, పాటకు గూడా మారిందా?" అని గాజుబల్ల మీద వేళ్ళతో దరువేస్తూ ఆ ఆట పాటను కూనిరాగం తీశాడు. "లారీలో రాత్రుళ్ళు నిద్ర రాకుండా ఇదే పాడుకునేవాణ్ణి. ఇరవై ఏండ్లు పాడినా. నాకు దరువు తప్పదు."

వాదన గెలుద్దామనే ఉద్దేశంతోనే అటక మీంచి నా పాత పెట్టె దించాను. మన ఊళ్ళలో అప్పట్లో అందరం ఆడిన నకలు మెషీన్ అది. ఒక మూల మూలుగుతున్న డబ్బా టీవీకి తగిలించి, ఏదో పాత కేసెట్ కుక్కాను. నోటితో ఊది పెడితేనే పనిచేసింది. గొడుగు పిల్లోడి ఆట అందులో లేదు. వేరే ఆటే. దాని రోమ్‌ను వాళ్ళు తెచ్చిన మినీ కన్సోల్‌లోనూ పెట్టి రెండూ పక్కపక్కన నడిపాను.

రెండు పాటలూ ఒకే చోట మొదలయ్యాయి. కాసేపటికే మినీ కన్సోల్ పాట ముందుకు వెళ్ళిపోయింది. డబ్బా టీవీ పాట వెనకాల తీరిగ్గా నడుచుకుంటూ వచ్చింది. స్వరం అదే, నడక వేరు.

విషయం అప్పుడు వెలిగింది. అమెరికా, జపాన్ టీవీలు సెకనుకు అరవై సార్లు తెర నింపేవి. మన టీవీలు యాభై సార్లు. దీన్నే అరవై హెర్ట్జ్, యాభై హెర్ట్జ్ అంటాం. మన దగ్గరికి వచ్చిన నకలు పెట్టెల్ని యాభైకి తగ్గట్టు చేశారు. అందులో ఆటలు ఆ మేరకు నిదానంగా నడిచేవి. నేను శుభ్రంగా ఉందని ఎంచి ఎక్కించిన రోమ్ అరవైది. అంటే మునిరత్నం జ్ఞాపకంలో పొరపాటు లేదు. మా చిన్నతనం నిజంగానే నెమ్మదిగా నడిచింది. ఇన్నాళ్ళూ ఈ పనిలో ఉండి అది నా చెవిన పడనే లేదు.

సంగతి చెబితే మునిరత్నం నవ్వాడు. "అట్ల సెప్పు! అరవైలో పోతాంటే మలుపొచ్చినాక గానీ తెలీదు. యాభైలో పోతే ఎదురొచ్చేవాడి మొగం గూడా తెలుస్తాది."

కన్సోల్‌లో పుట్టుకతో ఉన్న ఎమ్యులేటర్ యాభై ఒప్పుకోలేదు. ఒప్పుకునేదాన్ని ఇంకోదాన్ని వేసి, అందులో ఆట నడిపాను. మునిరత్నం కంట్రోలర్ పట్టుకున్నాడు. మొదటి పిట్ట వచ్చింది. బొటనవేలు కదిలింది. పిల్లోడు దూకి, గొడుగు విప్పి, మెల్లగా దిగాడు. ఆయన తెర మధ్యలోకే చూస్తున్నాడు. పిట్ట తెర అంచున మొదలయ్యేది ఆయనకు కనపడే వీలే లేదు. పాటలో అది ఎక్కడ వస్తుందో వేలికి తెలుసు.

"వచ్చినాడు," అన్నాడు, చాలా రోజులకు కలిసినవాణ్ణి చూసినట్టు.

సేవ్ స్టేట్ కూడా చూపించాను. ఆటను ఉన్నచోట ఉన్నట్టే ఆపి దాచుకునే సౌకర్యం. "కరెంటు పోయినా పోదా?" అని రెండుసార్లు అడిగాడు. "లారీ రోడ్డు పక్కన ఆపి పండుకున్నట్టన్నమాట," అని తనే అర్థం చెప్పుకున్నాడు.

వినాయక చవితి దాటాక తండ్రీకూతుళ్ళు మళ్ళీ వచ్చారు. చెరువు దాకా వచ్చి ఆపి ఉంచాడట. "ఆకరు నువ్వు గూడా సూడాల సామీ," అన్నాడు. తెర మీద వెలుతురు పడకుండా షట్టర్ సగం దించాను. బయట వాన సన్నగా పడుతోంది.

చెరువులో తామరాకులు కదులుతుంటాయి. గాలి గొడుగును వెనక్కి నెడుతుంది. మునిరత్నం పాటను పెదాలతో అంటూ ఒక్కో ఆకు దాటుతున్నాడు. రెండుసార్లు మునిగాడు. హేమ గోళ్ళు కొరుక్కుంటోంది. నేను మరమ్మతు చేయాల్సిన రిమోట్ ఒకటి పట్టుకుని, దాని బటన్లు నొక్కుతున్నాను, సాయం చేస్తున్నట్టు. మూడోసారి ఆఖరి ఆకు మీంచి దూకాడు. గొడుగు విచ్చుకుంది. పిల్లోడు గట్టు మీద దిగాడు. తెర చీకటైంది.

మునిరత్నం కళ్ళు గట్టిగా మూసుకున్నాడు.

"నాయనా, తెరువు! అయిపోతాది!"

"నువ్వు సూసి సెప్పు పాపా."

"దీనికోసమే గదా ఇన్నిదినాలు..."

"ముందు నువ్వు సెప్పు. ఇంకమీద ఎట్లుంటాదో తెలుసుకోవాల. తెరిచి సరిసూసుకునేదానికి కండ్లుండాయి గదా, ఉన్నప్పుడే పరీక్ష పెట్టుకుంటా."

హేమ గొంతు సవరించుకుంది. "సాయంత్రం నాయనా. ఆకాశం బాగా మాగిన మామిడిపండు లోపల ఉంటాదే, ఆ రంగు. పిల్లోడు గొడుగు మూసి పక్కన పెట్టినాడు. మెట్లమీద కూసోని కాళ్ళు నీళ్ళలో పెట్టినాడు."

"రాజకుమార్తె?"

"ఎవురూ లేరు. దూరంగా ఒక ఇల్లుండాది. సిన్నది. కిటికీలో దీపం."

"వాడు మనపక్క సూస్తాండాడా?"

"లేదు. దీపం పక్క సూస్తాండాడు."

మునిరత్నం కళ్ళు తెరిచాడు. ఆ బొమ్మ కదలకుండా అలాగే ఉంది. బటన్ నొక్కేదాకా పోదు. ఆయన తలను ఒక మూల నుంచి ఇంకో మూలకు నెమ్మదిగా తిప్పుతూ, ఆకాశాన్ని ముక్కలు ముక్కలుగా చూశాడు.

"దీపం యాడ?"

"కుడిపక్క. కింద."

దొరికింది. చూపు చాలాసేపు అక్కడే నిలిపాడు.

"సరిపోయింది," అన్నాడు. "మామిడిపండు మాత్రం దీంట్లో అంత మాగలేదు. నువ్వు సెప్పిందే బాగుండాది." బటన్ నొక్కాడు. ఆట మళ్ళీ మొదటి స్టేజీకి వచ్చింది, అదే పాట, అదే నడక. కంట్రోలర్ హేమ చేతిలో పెట్టాడు. "నువ్వు తోలు. నేను క్లీనరు సీట్లో కూసోని సెప్తాంటా."

హేమ మొదటి గుంతలోనే పడింది. "మా సామి మాదిరే ఆడతాండావే," అన్నాడు మునిరత్నం. రెండో స్టేజీ సంగతి ఆయనకు నేనే చెప్పి ఉంటాను.

ఆ తర్వాత నా పద్ధతి ఒకటి మారింది. ఎవరైనా ఆట ఎక్కించమని వస్తే పేరు తర్వాత అడుగుతాను, ముందు దాని పాట పాడమంటాను. పెద్దపెద్ద ఉద్యోగాలవాళ్ళు సిగ్గుపడుతూ, అటూ ఇటూ చూసి, గాజుబల్ల మీద దరువేసి పాడతారు. నేను వింటాను. వాళ్ళు గుర్తుంచుకున్న వేగం తప్పని మాత్రం అనను. కంప్యూటర్ వైపు తిరగడం ఆ పాట పూర్తయ్యాకే.