ఇంకా అనని మాట

పొద్దున్నే క్యారియర్ సర్దడం ఆ ఇల్లాలి మొదటి పని. కింది గిన్నెలో అన్నం, పై గిన్నెలో కూర, ఆపైన మూత. మూత కొక్కెం ఒక పక్కకి వంగిపోయి ఆమె ఎంత నొక్కినా పడేది కాదు. భర్త వచ్చి అరచేత్తో ఒక్క దెబ్బ వేసి బిగించుకునేవాడు. పరిశోధనశాలలో పైపుల ఫిట్టరు కదా, బిగించడమే అతని బతుకు. ఇప్పుడు ఆ గిన్నెలు విడివిడిగా గూట్లో బోర్లించి ఉన్నాయి. ఆమె మాత్రం అదే వేళకి లేస్తుంది. ఏం చెయ్యాలో తోచక పొయ్యి గట్టు తుడిచిందే తుడుస్తుంది.

ఆమెది మొదట్నించీ మాటల పొదుపు. "నీ నోట్లోంచి ఓ మాట రావాలంటే నెల ముందు అర్జీ పెట్టుకోవాలే" అని భర్త ఆటపట్టించేవాడు. అతను పోయినప్పుడు కూడా గొంతెత్తి ఏడవలేదని చుట్టాలు చెవులు కొరుక్కున్నారు.

పరిశోధనశాలలో ఒక పెద్ద యంత్రం ఉంది. దాన్ని చల్లబరిచే గ్యాసు గొట్టాలు ఒక మూసిన గదిలో ఉంటాయి. ఆ గ్యాసుకి వాసన లేదు, రంగు లేదు. కారిందంటే గదిలో గాలిని తోసేసి తానే నిండుతుంది. కారుతున్న జాయింటు బిగించడానికి లోపలికెళ్ళిన ఫిట్టరు, స్పానరు చేతిలో ఉండగానే కూలిపోయాడు. ప్రమాదమన్నారు. ఆమె నమ్మింది.

పెద్దసారు ఇంటికొచ్చేదాకా నమ్మింది.

పెద్దసారంటే ఆ పరిశోధనశాల అధికారి. కుర్చీ అంచున కూర్చుని, తమ యంత్రం చేసే పనేమిటో చెప్పుకొచ్చాడు. ఇవాళ దాని ముందు ఒక మాట అంటే, అది గడిచిపోయిన రోజుకి వెళ్ళి అక్కడ వినబడుతుందట. ఇంతవరకూ ఒకే ఒక్క మాట వచ్చిందట. అదీ ఫిట్టరు పోయిన రోజు పొద్దున. జేబులోంచి చిన్న పెట్టె తీసి మీట నొక్కాడు.

"సార్, నేను ఫిట్టరు గారి భార్యని. దండం పెడతాను. ఇవాళ ఆయన్ని గ్యాసు గదిలోకి పంపకండి. చచ్చిపోతాడు."

బొంగురుపోయిన గొంతు. అయినా ఆమె గొంతే. ఆ మాట మాత్రం ఆమె ఎన్నడూ అనలేదు.

గుమ్మంలో నిలబడి వింటున్న అత్తగారు లోపలికొచ్చి పెట్టె వంకా కోడలి వంకా మార్చి మార్చి చూసింది.

"ఇది ఆ పొద్దున్నే విన్నారా?" అని ఇల్లాలు అడిగింది.

"విన్నామమ్మా."

"విని?"

పెద్దసారు పిల్లలకి పాఠం చెప్పినట్టు నెమ్మదిగా చెప్పాడు. ఫిట్టరుని ఆపితే బతికేవాడు. బతికితే ఆమెకి ఈ మాట పంపే అవసరమే ఉండేది కాదు. పంపకపోతే వాళ్ళకి వినబడేది కాదు. వినబడకపోతే ఆపేవాళ్ళే కాదు. ఈ చిక్కుముడిని కదిపితే ఏమవుతుందో తెలియక, దేన్నీ ముట్టుకోకుండా చూద్దామనుకున్నారట.

ఆమెకి అరికాలి మంట నెత్తికెక్కింది.

"పాలు పొంగుతాయని తెలిస్తే పొయ్యి ఆపేస్తాం సార్. పొంగలేదు కదా, మరి నాకెలా తెలిసిందబ్బా అని దాని ముందు కూర్చుని ఆలోచించం. చిక్కుముడి మీది. పోయింది మా మనిషి."

పెద్దసారు తల దించుకున్నాడు గాని వచ్చిన పని మర్చిపోలేదు. రేపు పొద్దున బండి పంపుతాను, వచ్చి ఆ మాట అనేసి వెళ్ళమన్నాడు. లేకపోతే ఇన్నేళ్ళ పని బూడిదలో పోసిన పన్నీరేనన్నాడు. అనని మాట ఎలా వినబడిందని రేపు ఎవరైనా అడిగితే తమ దగ్గర జవాబు లేదన్నాడు.

అతను వెళ్ళాక అత్తగారు కోడల్ని వదల్లేదు. ఈసారైనా వింటారేమో, పోయేదేముంది, ఒక్క మాటే కదా అని బతిమాలింది. ఆరిపోయిన ఆ ముసలి కళ్ళల్లో మళ్ళీ ఆశ కనబడేసరికి కోడలికి పెద్దసారు మీద ఒళ్ళు మరింత మండింది. చంపింది చాలక ఆశ కూడా పెట్టి పోయాడు.

తెల్లారింది. మంచినీళ్ళు కావాలా అని అత్తగారిని అడగబోతే, పెట్టెలో విన్న ఆ బొంగురు గొంతే బయటికొచ్చింది. ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"అదే గొంతు తల్లీ. ఇవాళే అది. వెళ్ళు" అంటూ అత్తగారు వంగి, చెప్పులు తెచ్చి కోడలి కాళ్ళ దగ్గర పెట్టింది.

వీధిలో హారన్ మోగింది. ఆమె ఒక కాలు చెప్పులో పెట్టింది. వెళ్ళాలని ఆమెకి మాత్రం ఉండదా. అప్పుడే, దండం పెడతానన్న మాట చెవిలో గింగురుమంది. అంతలా బతిమాలుకుంటే విని, మీట ఆపి, ఎవరి టీ వాళ్ళు తాగి ఉంటారు. ఆ తర్వాత ఎవరో ఒకరు ఫిట్టరుని కేకేసి, జాయింటు కారుతోంది చూడమని చెప్పి ఉంటారు. ఆమె కాలు వెనక్కి తీసుకుంది.

"మాట చేరక కాదు అత్తయ్యా ఆయన పోయింది. చేరింది. విన్నారు. మళ్ళీ అడుక్కుంటే మళ్ళీ వింటారు. అంతే."

అత్తగారు మళ్ళీ వంగింది. చెప్పులు తీసి గోడవార పెట్టేసింది.

డ్రైవరు గుమ్మం దాకా వచ్చి, సారుకి ఏం చెప్పమంటారమ్మా అన్నాడు.

"అన్నదెవరో విన్నవాళ్ళనే వెతుక్కోమని చెప్పు బాబూ."

బండి కదిలిన చప్పుడయ్యాక ఆమె పొయ్యి వెలిగించి వేణ్ణీళ్ళు పెట్టింది. ఉప్పు వేసి, ఆ బొంగురు వదిలేదాకా పుక్కిలించి పుక్కిలించి ఉమ్మింది. ఆ మాట మాత్రం అనలేదు.