లక్ష్మీరాజం జిమ్మ

లక్ష్మీరాజానికి ఆ రబ్బరు ముద్రను చూస్తేనే రోత. సిరాలో అద్దినప్పుడల్లా వేళ్ళకు నల్లగా అంటుకునేది. సబ్బు పెట్టి ఎంత తోమినా గోళ్ళ సందుల్లో మిగిలే ఉండేది. ముద్ర మీద ఉన్నది ఒకే ఒక్క మాట, "వర్తించదు". నిజామాబాద్ బస్టాండు దగ్గరి పెద్ద సెల్ ఫోన్ల దుకాణంలో, అద్దాల గది వెనక చిన్న బల్ల ముందు కూర్చుని, చెడిపోయిన చార్జర్లు పట్టుకొచ్చిన వాళ్ళ కాగితాల మీద రోజంతా ఆ మాట గుద్దడమే నలభై ఎనిమిదేళ్ళ మనిషికి ఉద్యోగం. సంవత్సరం రెండువేల ఏడు.

ఎనభైల్లో ఇదే మనిషిని మీరు చూసి ఉండాల్సింది. కోటగల్లిలో ఆరడుగుల వెడల్పు రేడియో దుకాణం అతనిది. గోడ నిండా పొట్ట విప్పిన రేడియోలు, టేపురికార్డర్లు. బోధన్ నుంచీ నవీపేట్ నుంచీ బస్సులెక్కి వచ్చేవాళ్ళు. రసీదు లేదు, కాగితం లేదు, సంతకం లేదు. బాగు చేసిన రేడియోను చేతిలో పెట్టి, "మల్ల ఖరాబైతే తే. నా జిమ్మ" అనేవాడు. జిమ్మ అంటే జిమ్మే. ఆ పూచీ మీద రెండేళ్ళ తర్వాత తెచ్చినా మొహం చిట్లించకుండా విప్పేవాడు. లక్ష్మీరాజం జిమ్మ అన్నాడంటే ఇక దాని గురించి మరిచిపోవచ్చని వాడకట్టులో అనుకునేవారు.

తర్వాత పారేసి కొత్తది కొనుక్కునే కాలం వచ్చింది. బాగు చేయించుకునే కూలి కంటే కొత్త వస్తువు ధర తక్కువైపోయింది. దుకాణానికి తాళం పడింది. రెండేళ్ళు ఖాళీగా తిరిగాక ఈ సెల్ ఫోన్ల వాళ్ళు పిలిచి ఉద్యోగం ఇచ్చారు. పనితనం చూసి పిలిచారనుకున్నాడు పాపం. వాళ్ళు పిలిచింది ఊళ్ళో అతనికున్న పేరును. ఆ సంగతి అతనికి అర్థమయ్యేసరికి ముద్ర చేతికొచ్చేసింది.

ఫోను కొన్న ప్రతివాళ్ళకూ అభయ కార్డు అంటగట్టాలి. కొంత పైకం అదనంగా కడితే ఏడాదిపాటు పడినా, పగిలినా, తడిసినా, కాలినా కంపెనీదే బాధ్యత అని ముందువైపు ఎర్రటి అక్షరాలు. వెనకవైపు చీమల బారుల్లాంటి అక్షరాల్లో కండిషన్లు. చార్జరుకూ వైరుకూ కూడా అభయం ఉంది, లేదనలేదు. కానీ పిన్ను వంగితే వాడినవాళ్ళ తప్పు, వైరు చీలితే అరుగుదల, కాలితే కరెంటు తప్పు, తుప్పు పడితే నీళ్ళ తప్పు. చార్జరు చెడిపోవడానికి లోకంలో ఎన్ని దారులున్నాయో అన్నీ వెతికి రాసి, ఆ దారుల్లో చెడితే మాత్రం ఇవ్వమన్నారు. పోనీ అంగట్లో దొరికే చవక చార్జరు పెట్టుకుందామంటే, బయటి చార్జరు వాడిన ఫోనుకు మొత్తం కార్డే రద్దు. తడిగుడ్డతో గొంతు కొయ్యడమంటే ఇదే.

బోధన్ కాలువ కింద చెరుకు పండించే వీరరాఘవయ్య ఒకరోజు వచ్చాడు. వాళ్ళది కోస్తా నుంచి వచ్చి స్థిరపడిన కుటుంబం, మాటలో ఇంకా ఆ యాస పోలేదు. చార్జరును బల్ల మీద పెట్టాడు.

"పిన్ను తుప్పు పట్టింది సార్. తడి తగిలినట్టుంది" అన్నాడు లక్ష్మీరాజం.

"తగలదా మరి? చెరుకు తోటలో ఉంటానయ్యా నేను, ఎడారిలో కాదు. తడిసినా ఇస్తామని చెప్పే కదా అమ్మావు?"

"తడిస్తే ఫోనుకిస్తరు సార్. చార్జర్‌కియ్యరు."

పెద్దాయన జేబులోంచి కార్డు తీశాడు. "చెరుకు కాటా దగ్గర కూడా తరుగు తీస్తారయ్యా. కానీ ఎంతో కొంత తూకం మిగులుస్తారు. మీది మొత్తం తరుగే" అని కార్డును విసిరికొట్టి వెళ్ళిపోయాడు. అది వెళ్ళి చెత్తబుట్ట పక్కన పడింది. లక్ష్మీరాజం వంగి తీశాడు. కార్డు అడుగున, అమ్మినవారి సంతకం అన్నచోట, ఉన్నది తన పేరే.

ఇంతవరకైతే ఎవరో రాసిన పాపానికి తను గుమాస్తా అని సరిపెట్టుకునేవాడేమో. అసలు రోత అక్కడ లేదు. ఆ ఏడు ఎండాకాలం ముందు కంపెనీ పెద్దమనిషి ఒకడు హైదరాబాదు నుంచి వచ్చి మీటింగు పెట్టాడు. చల్లటి గది, టీ, జీడిపప్పు బిస్కెట్లు. నిజామాబాదులో వైర్లు మార్చి ఇవ్వాల్సి రావడం ఎక్కువైందనీ, తగ్గించే ఉపాయం ఎవరైనా చెప్పాలనీ అడిగాడు. లక్ష్మీరాజానికి ఏం పుట్టిందో, చెయ్యెత్తాడు.

"సార్, ఇక్కడి ఆడోళ్ళు వైరుకు బీడీల దారం సుట్టుకుంటరు. సూడంగనే తెలుస్తది."

ఆ సంగతి వాళ్ళకు తెలియదు. ఎలా తెలుస్తుంది? వాళ్ళ అమ్మలు బీడీలు చుట్టారా? లక్ష్మీరాజం తల్లి భీమవ్వ చుట్టింది. చాట ఒళ్ళో పెట్టుకుని, ఆకులో తంబాకు పోసి, వేలికున్న దారంతో కొసకు రెండు చుట్లు వేసి ముడి బిగించేది. ఆ చెయ్యి ఊరుకోదు. ఇంట్లోకి కొత్తగా ఏ వస్తువు వచ్చినా, చెప్పు వారయినా, గరిటె కాడయినా, కళ్ళజోడు పుల్లయినా, బలహీనంగా కనిపించినచోట అదే రోజు దారం చుట్టేసేది. చెడిపోయాక చుట్టడం కాదు, చెడిపోకూడదని చుట్టడం. బీడీలు చేసే ఇళ్ళన్నిటా అదే అలవాటు. వస్తువు మీద గౌరవం అది.

మరుసటి నెల వచ్చిన కార్డుల వెనక కొత్త వాక్యం ఒకటి చేరింది. దారం, టేపు, గుడ్డ చుట్టిన వైర్లను బయట మరమ్మతు చేయించినవిగా పరిగణిస్తారట. మేనేజరు కుర్రవాడు లక్ష్మీరాజం భుజం తట్టి, కంపెనీ పేరు కుట్టిన చొక్కా బహుమతిగా ఇచ్చాడు. ఇంటి గుట్టు లంకకు చేటు. రెండు బిస్కెట్లకూ ఒక చొక్కాకూ వాడకట్టు ఆడవాళ్ళ చేతి అలవాటును అమ్మేసి వచ్చాడు. ఆ చొక్కా తొడుక్కుంటే మెడ దగ్గర గీరుకునేది. అయినా తొడిగేవాడు, తొడగమన్నారు కనుక.

వెంకటవ్వ వచ్చింది ఆ కండిషన్ పుట్టిన రెండు నెలలకు. కోటగల్లిలో లక్ష్మీరాజం ఇంటికి నాలుగిళ్ళ అవతల ఉంటుంది, బీడీలు చేస్తుంది. నెల కిందటే ఫోను అతని మాట మీద కొన్నది. కొనేటప్పుడు కార్డు చేతిలో పట్టుకుని సందేహిస్తుంటే, ఏళ్ళ తరబడి నోట రాని మాట అతని నోట జారింది. "తీస్కో చెల్లె. ఏమైనా నా జిమ్మ" అన్నాడు.

"అన్నా, గిది జర సూడు. మొన్నటి సంది చార్జింగ్ ఎక్కుతలేదు" అంటూ కొంగు ముడిలోంచి చార్జరు తీసింది. వైరుకు రెండు కొసల్లోనూ దారం చుట్టి ఉంది. ఎంత ముచ్చటగా చుట్టిందంటే, ఒక్క పోగు మీద ఇంకో పోగు ఎక్కలేదు.

"దారం ఎప్పుడు సుట్టినవ్ చెల్లె?"

"తెచ్చిన్నాడే సుట్టిన. వంగి ఇరుగుతదని. పైస పెట్టి కొన్నది పదిలంగ ఉండొద్దా?" అని గర్వంగా చెప్పింది. తర్వాత గొంతు తగ్గించింది. "నా బిడ్డ అంజవ్వకు నెలలు నిండినయన్నా. నవీపేట్‌ల అత్తగారింట్ల ఉన్నది. నొప్పులొస్తె ఫోన్ జేస్తమన్నరు. గీ ఫోనేమో సచ్చి పడ్డది. పిన్ను కొత్త తీరుదాయె, వాడల ఎవ్వలి దగ్గర లేదు. బయట ఒకటి కొనుక్కుందమంటె కార్డు పోతదని నువ్వే చెప్తివి."

వైరు ఒక్కచోట కూడా చీలలేదని చూడగానే తెలిసింది. గోడకు పెట్టే డబ్బాను చెవి దగ్గర పెట్టుకుని ఊపాడు. తప్పు అందులోనే ఉంది. మేనేజరు దగ్గరికి తీసుకెళ్ళాడు.

"వైరు మంచిగనే ఉంది సార్. ఖరాబైంది డబ్బా. తయారీల తప్పే. ఇది మనం ఇయ్యాలె."

మేనేజరు చార్జరును ముట్టుకోను కూడా లేదు. "దారం ఉంది కదా రాజం గారూ."

"కొత్తగున్నప్పుడే సుట్టుకున్నది సార్."

"మీరే కదా మాకు చెప్పింది. ముద్ర వెయ్యండి" అని కంప్యూటరు వైపు తిరిగాడు.

లక్ష్మీరాజం బల్ల దగ్గరికి వచ్చి ముద్రను సిరాలో అద్దాడు. వేశాడు. ఆ కాగితాన్ని వెంకటవ్వకు చూపించే ధైర్యం లేక మడిచి జేబులో పెట్టుకున్నాడు. "పొద్దుగాల్ల రా చెల్లె" అని పంపేసి, చార్జరును టిఫిను డబ్బాలో దాచి ఇంటికి తెచ్చాడు.

దీపాల వేళకు మంచం కిందినుంచి పాత సామాన్ల పెట్టె లాగి, కత్తిమొనతో డబ్బా అతుకు విప్పాడు. లోపల చింతగింజంత కండెన్సరు పొంగి పగిలింది. అంతే. తన పెట్టెలో ఉన్న ఒకదాన్ని తీసి, సోల్డరింగు కడ్డీ కాల్చి, సీసం కరిగించి అతికాడు. గోడకు పెట్టగానే దాని మీది చిన్న ఎర్ర దీపం వెలిగింది. ఎన్నేళ్ళకో అతని చేతులకు సంతోషం కలిగింది. ఆ సంతోషం ఎంతసేపు? రేపు ఆమెకు ఏం చెప్పాలి? కంపెనీ ఇవ్వలేదంటే, మరి కార్డు ఎందుకు అంటగట్టావని అడగదూ? అడగకపోయినా అనుకోదూ? వాడకట్టులో తనకు మిగిలింది ఆ ఒక్క మాటే. అది కూడా పోతే ఇక తలెత్తుకుని నడిచేదేముంది?

అందుకని అబద్ధమాడాడు. మర్నాడు చార్జరు చేతిలో పెడుతూ, "కంపెనోళ్ళు బాగుజేసి ఇచ్చిండ్రు" అన్నాడు. వెంకటవ్వ దాన్ని కళ్ళకద్దుకుంది. "నీ కంపెనీ సల్లగుండ" అని దీవించింది. ఆ దీవెన వింటుంటే లక్ష్మీరాజానికి ఒళ్ళంతా గొంగళిపురుగు పాకినట్టయింది.

మూడోనాడు అంజవ్వకు కొడుకు పుట్టాడని నవీపేట్ నుంచి ఫోను వచ్చింది. వెంకటవ్వ సమయానికి బస్సెక్కింది. తిరిగొచ్చాక ఆమె ఊరుకుంటుందా? బీడీలు అప్పజెప్పే చోట, పంపు దగ్గర, ఎక్కడ నలుగురు కూడితే అక్కడ చెప్పింది. దారం చుట్టినా ఏమనలేదట, రాత్రికి రాత్రి బాగుచేసి ఇచ్చారట, ఆ కార్డు అంతటి కార్డట.

ఆ వారం చివర పగటిపూట దుకాణం తలుపు తోసుకుని ఏడుగురు ఆడవాళ్ళు వచ్చారు. వెంకటవ్వ వెంటబెట్టుకొచ్చింది. ముందు నిలబడ్డది హన్మవ్వ, భీమవ్వతో కలిసి బీడీలు చేసిన ముసలామె. అందరూ ఇక్కడే ఫోన్లు కొని, కార్డు మాత్రం వద్దన్నవాళ్ళు. ఆరు నెలల్లోపు ఎప్పుడైనా తీసుకోవచ్చని తెలిసి వచ్చారు.

"గా అభయం కార్డు మాక్కూడ రాసియ్యి బిడ్డా" అంది హన్మవ్వ.

మేనేజరు అద్దాల గదిలోంచి పరుగున వచ్చాడు. ఒకేసారి ఏడు కార్డులు ఆ దుకాణంలో ఎన్నడూ అమ్ముడుపోలేదు. కొత్త కార్డుల కట్ట తెచ్చి బల్ల మీద పెట్టాడు. లక్ష్మీరాజం ఆ కట్టవైపు చూశాడు, ఏడు మొహాలవైపు చూశాడు. లేచి నిలబడ్డాడు.

"అవ్వా, కొనకుండ్రి" అన్నాడు. "కంపెనీ ఏం ఇయ్యలే. వెంకటవ్వ కాయితం మీద వర్తించదని ముద్ర గుద్దింది నేనే. చార్జర్ ఇంటికి కొంచవోయి నేనే బాగుజేసిన. దారం సుట్టినోళ్ళకు ఇయ్యొద్దని వీళ్ళకు నేర్పింది గూడ నేనే. ఇది ఒట్టి కాయితం."

మేనేజరు మొహంలో నెత్తురు చుక్క లేదు. వెంకటవ్వ కళ్ళార్పకుండా చూస్తోంది. తిడుతుందనుకున్నాడు. తిడితే బాగుండుననుకున్నాడు. హన్మవ్వే ముందుకొచ్చింది.

"గంతేనా? నేనేందో అనుకున్న. కంపెనీ మొకం సూసి వచ్చినమా మేము? నీ మొకం సూసి వచ్చినం. వాళ్ళియ్యకుంటె నువ్వు బాగుజేస్తవ్. రాయి."

"గట్లయితే కార్డెందుకవ్వా? ఖరాబైతే ఇంటికే తేండ్రి. ఊకెనే చేస్త."

హన్మవ్వకు కోపమొచ్చింది. "ముఫ్తుగ జేయించుకునేటోళ్ళ లెక్క కనవడుతున్నమా నీకు? కార్డు ఉంటె హక్కుతోని అడుగుతం. లేకుంటె ఏ మొకంతోని నీ గడపెక్కాలె? మీ అవ్వ భీమవ్వ ఎవ్వలి దగ్గరన్న ఊకెనే ఏమన్న తీసుకున్నదా?"

వెనకున్నవాళ్ళు తలలూపారు. అప్పటికే కొంగు ముడులు విప్పుతున్నారు. మేనేజరు మొహంలోకి నెత్తురు తిరిగొచ్చింది. హన్మవ్వకు స్వయంగా కుర్చీ జరిపాడు, మంచినీళ్ళు తెప్పించాడు. లక్ష్మీరాజం చెవి దగ్గరికి వంగి, "చాలా బాగా మాట్లాడారు రాజం గారూ. ఇకనుంచి ఇలాగే చెప్పండి" అన్నాడు.

వాడు వెటకారంగా అనలేదు. నిజంగానే మెచ్చుకున్నాడు.

లక్ష్మీరాజం కూర్చున్నాడు. కలం మూత తీసి, పేర్లు ఒక్కొక్కటే చెప్పమన్నాడు. ముందు హన్మవ్వ కార్డు రాశాడు. అమ్మినవారి సంతకం అన్నచోట తన పేరు రాస్తుంటే నోటినిండా ఉమ్మి ఊరింది. ఆడవాళ్ళ ముందు ఉమ్మలేక మింగి, రెండో కార్డు అందుకున్నాడు.